తడిక అవతలి చెవులు

మూడు సోమవారాలుగా మఠంలో ఆడవాళ్లు అడుగు పెట్టడం లేదు. కనకలింగానికి వచ్చిన చిక్కు అది.

ఆడవాళ్లు బోధ వినకపోతే అతనికేమీ బాధ లేదు. వాళ్లు రాకపోతే సంగటి కెలికేవాళ్లు ఉండరు. సంగటి లేకపోతే జనం ఆకలితో లేచి ఇళ్లకు పోతారు. ఆకలితో ఇంటికి పోయినవాడు బోధ బాగుందని ఎవరికీ చెప్పడు. ఇంకో ఎనిమిది రోజుల్లో వేములకోటలో ఆరాధన ఉంది. అయిదూళ్ల జనం కూడే చోటు. అక్కడ బోధ చెప్పడానికి కనకలింగాన్నే పంపమని పెద్దలు కబురు పెట్టారు. గురువుగారి సెలవు లేకుండా మఠం శిష్యుడు పొరుగూళ్లో నోరు విప్పకూడదు. ఆ సెలవు కోసం అతను ఏడాదిగా ఎదురుచూస్తున్నాడు.

సారంగిపాడు మఠం అంటే పెద్ద కట్టడమేమీ కాదు. నేతగాళ్ల వీధి చివర నాపరాళ్లు పరిచిన ఒక పొడుగాటి సావిడి, దాని పక్కన వంట వసారా. రెంటికీ మధ్య ఒక తాటాకు తడిక. పల్నాటి ఎండలకు ఆ నాపరాళ్లు పొద్దున్న తొమ్మిదింటికే కాలేవి. జనం గోనె పట్టాలు తెచ్చుకుని కూర్చునేవారు. ఆ గోనెల గొడవ ఒక పెద్ద కథ, ఎవరి గోనె ఎవరు తీసుకుపోయారని ఒకసారి పంచాయితీ దాకా వెళ్లింది, అది మరోసారి చెబుతాను. సోమవారం మగ్గాలకు సెలవు. పొద్దున బోధ, మధ్యాహ్నం జొన్న సంగటి, పప్పు. మగవాళ్లు సావిట్లో కూర్చుని వింటారు. ఆడవాళ్లు తడిక అవతల వండుతూ వింటారు. ఎవరు పెట్టారో తెలియదు, ఎప్పటినుంచో అదే పద్ధతి.

గురువు మలిదేవయ్యగారికి అప్పటికి డెబ్బై ఎనిమిదేళ్లు. తొమ్మిదేళ్లుగా ఆయన సావిట్లోకి వచ్చి బోధ చెప్పడం లేదు. శిష్యులు చెబుతుంటే, తడిక అవతల ఆడవాళ్ల మధ్య చాట ముందేసుకుని కందిపప్పులో రాళ్లు ఏరుతూ కూర్చునేవారు. పెద్దతనం వల్ల మతి తప్పిందని కొందరు, శిష్యుల బోధ వినబుద్ధి కాక అక్కడ దాక్కుంటున్నాడని కొందరు అనుకునేవారు.

కనకలింగం ఆ మఠానికి రాకముందు నాటకాల కంపెనీలో హార్మోనియం వాయించాడు. హాస్యగాడికి జ్వరం వచ్చిన రోజున ఆ వేషమూ కట్టేవాడు. మంచి గొంతు. జనాన్ని ఎక్కడ ఆపాలో, ఎక్కడ వదలాలో తెలిసిన గొంతు. నేను కనకలింగాన్ని చూసేసరికి ఆయనకు డెబ్బై దాటాయి, ఈ సంగతంతా ఆయనే నాకు చెప్పాడు. అప్పటికీ ఒక మాట అని క్షణం ఆగితే, ఎదుటివాడికి నవ్వు దానంతటదే వచ్చేది.

ఆ సోమవారం సంగటి లేక జనం వెళ్లిపోయాక, కనకలింగం వసారాలోకి వెళ్లాడు. గురువు ఒక్కరే చాట ముందు ఉన్నారు.

"అయ్యా, ఆడవాళ్లు మూడు వారాలుగా రావడం లేదు."

"నాలుగు," అన్నారు గురువు. "మొదటి వారం నువ్వు చూసుకోలేదు."

"వాళ్లకి బోధ అందటం లేదయ్యా. ఎంత కిందికి దించి చెప్పినా వాళ్ల బుర్ర పొయ్యి దగ్గరే ఉంటుంది."

గురువు ఒక రాయి ఏరి పక్కన వేశారు.

"అంతకుముందు వచ్చేవాళ్లుగా?"

"అదే నాకూ తెలియటం లేదు. ఆ రోజు ఎవరో ఆడామె తడిక అవతల నుంచి ఏదో అడిగింది. నేనేదో సరదాకి అన్నాను. దానికే మూతి ముడుచుకున్నారేమో."

"ఎవరామె?"

"చూడలేదయ్యా. గొంతే వినపడింది."

"ఏం అడిగింది?"

కనకలింగం ఆలోచించాడు. పైకప్పు వంక చూశాడు. గుర్తుకు రాలేదు.

"సరే. నువ్వేమన్నావు?"

అది మాత్రం అక్షరం పొల్లుపోకుండా గుర్తుంది. కనకలింగం కొంచెం నిటారుగా కూర్చుని, గొంతు సవరించుకుని చెప్పాడు. "'ఎక్కడికి పోతావు తల్లీ, వంటింట్లోనే ఉంటావు. ముందు పప్పు మాడుతోందేమో చూసుకో' అన్నాను. జనం పడీ పడీ నవ్వారయ్యా. ముందు వరసలో కూర్చునే మన ముత్తేలయితే కండువా నోట్లో కుక్కుకున్నాడు."

గురువు నవ్వలేదు. కోపగించనూ లేదు.

"ఇలాంటి మాటలు వద్దని నీకు రెండుసార్లు చెప్పాను."

"చెప్పారు. కానీ అవి లేకపోతే బోధ చప్పగా ఉంటుందయ్యా. ఎవరూ నొచ్చుకునేవి కావు. లోకంలో అందరూ అనేవే."

"అందరూ అనేవే," అన్నారు గురువు. ఆయన గొంతులో ఒక పెద్ద అలుపు వినిపించిందట. పొద్దంతా మగ్గం మీద కూర్చుని లేచినవాడి నడుములో ఉండే అలుపు లాంటిది. "నీకన్నా ముందు ముగ్గురికి చెప్పాను. ముగ్గురూ నీలాగే తల ఊపారు."

కనకలింగం అసలు అడగాలనుకున్నది అడిగేశాడు. "వేములకోటకు సెలవిస్తారా అయ్యా? వచ్చే సోమవారం మధ్యాహ్నం బండి పంపిస్తామన్నారు."

"వచ్చే సోమవారం బోధ నేను చెబుతాను," అన్నారు గురువు. "నువ్వు ఇక్కడ కూర్చో. ఉల్లిపాయలు తరుగు."

తొమ్మిదేళ్ల తరువాత మలిదేవయ్యగారు సావిట్లోకి వస్తున్నారని వీధి వీధంతా తెలిసిపోయింది. సోమవారం నాడు కూర్చోవడానికి చోటు చాలలేదు. ఆడవాళ్లూ వచ్చారు. పదకొండు మంది. వచ్చి, నాలుగు వారాలు రానివాళ్లలా కాక, నిన్ననే వెళ్లినవాళ్లలా పొయ్యిలు రాజేసి, ఎసర్లు పెట్టారు.

కనకలింగం కత్తిపీట ముందు కూర్చున్నాడు. వంట వసారా పెద్ద తిరపతమ్మ. ముప్పై ఏళ్లుగా ఆ పొయ్యిలు ఆమె చేతిలోనే ఉన్నాయి. అతన్ని చూసి నడుం మీద చెయ్యి పెట్టుకుంది.

"ఏం అబ్బాయ్, ఉల్లిపాయ ఎటునుంచి కొయ్యాలో తెలుసా? తల ఏదో తోక ఏదో?"

"చూపించు పెద్దమ్మా, కోస్తాను."

"కళ్లనీళ్లొస్తాయి మరి. నువ్వే చెప్పావుగా, ఏడ్చేవాడు చీర కట్టుకోవాలని. తెప్పించమంటావా ఒకటి?"

ఆడవాళ్లు నవ్వారు. కనకలింగమూ నవ్వాడు, కొంచెం ఆలస్యంగా.

తరుగుతూ తల ఎత్తి చూస్తే, తడికలోంచి సావిడంతా కనిపిస్తోంది. ముందు వరసలో ముత్తేలు చెవి గోక్కోవడం కూడా కనిపిస్తోంది. అతను ఉలిక్కిపడ్డాడు. ఏడాదిగా తను ఆ సావిట్లో నిలబడి ఇటు చూస్తే తాటాకు గోడే. ఇటునుంచి చూసేవాళ్లకు తన చెయ్యి ఊపడం, కన్ను గీటడం, నవ్వు కోసం ఆగడం అన్నీ కనిపిస్తూనే ఉన్నాయన్నమాట.

గురువు వచ్చి కూర్చున్నారు. ఈ ఒళ్లు ఏమిటి, ఇందులో ఉన్నదెవరు అంటూ మొదలుపెట్టారు. జనం చేతులు జోడించారు. కనకలింగానికీ గుండె నిండినట్టయింది.

కాసేపయ్యాక గురువు, "మనసనేది కొత్తగా కాపురానికి వచ్చిన పెళ్లాం లాంటిది," అన్నారు. "ఇంట్లో నిలవదు, చెబితే వినదు, రెండు వాయిస్తే గాని దారికి రాదు."

కత్తిపీట మీద కనకలింగం చెయ్యి ఆగింది. అది తన మాట. తను పోయిన వేసవిలో కట్టుకున్న మాట. ఆ మాటకు జనం ఎప్పుడూ నవ్వుతారు.

ఈసారి ఎవరూ నవ్వలేదు. ముత్తేలు నవ్వడానికి నోరు తెరిచి, అటూ ఇటూ చూసి మూసుకున్నాడు. గురువుకు నటన రాదు. ఆగవలసిన చోట ఆగలేదు, కన్ను గీటలేదు. నూలు ధర చెప్పినట్టు చెప్పారు. గొంతూ హార్మోనియమూ తీసేస్తే ఆ మాట నేల మీద పడి అలాగే ఉంది.

"పెళ్లాం మాట విన్నవాడు మోక్షానికి టిక్కెట్టు కొనుక్కుని మధ్యలో దిగిపోయినవాడు."

అదీ తనదే.

"ధైర్యం లేనివాళ్లు గాజులు తొడుక్కుని ఇంట్లో కూర్చోండి. ఈ మఠానికి రాకండి."

అదీ తనదే. ఒకదాని తరువాత ఒకటి, తను ఏడాది పాటు చెప్పినవన్నీ, వరస కూడా తప్పకుండా గురువు చెబుతున్నారు. రాళ్లు ఏరుతూనే ఆయన ఒక్క మాట కూడా జారవిడవలేదు.

కనకలింగం మెల్లగా తల తిప్పి వసారాలోకి చూశాడు. ఆడవాళ్లు పని ఆపుతారనుకున్నాడు. మూతి తిప్పుతారనో, తిట్టుకుంటారనో అనుకున్నాడు. అదేం లేదు. పప్పు కడిగే ఆమె కడుగుతోంది. సంగటి కెలికే ఆమె కెలుకుతోంది. తలలు మాత్రం కొంచెం వంగాయి. మిట్టమధ్యాహ్నం పొలం గట్టున నడిచేవాళ్లు ఎండకు తల వంచుకుంటారే, అలా. ఎండను ఎవరు తిడతారు?

గాజుల మాట దగ్గర ఒకామె ముంజేతి గాజులను పైకి నెట్టుకుంది. పిండి అంటుతుందని కావచ్చు.

"మళ్లీ మొదలెట్టాడు ముసలాయన," అంది తిరపతమ్మ, పొయ్యిలోకి పుల్ల తోస్తూ.

కనకలింగం తట్టుకోలేకపోయాడు. "ఆయనవి కాదు పెద్దమ్మా ఆ మాటలు. నావి."

"నీవెక్కడివి?" అంది ఆమె. "నువ్వు మీ అమ్మ ఒళ్లో ఉన్నప్పటినుంచీ వింటున్నా. నువ్వు టిక్కెట్టు అన్నావు, ఆయన ఆ రోజుల్లో పడవ అనేవాడు. అంతే తేడా. మా ఆయనకైతే ఎంతిష్టమో ఆ పడవ మాట. ఇంటికొచ్చి వారమంతా అనేవాడు."

"మరి ఆయన మానేశారుగా..."

"కీళ్లవాతం వచ్చిందిగా తొమ్మిదేళ్ల కిందట. వెచ్చగా ఉంటుందని నెల రోజులు ఈ పొయ్యి పక్కనే మంచం వేశాం. బయట పెద్ద శిష్యుడు ఈయన మాటలే ఈయనలాగే చెప్పేవాడు. ఈయన ఇక్కడ పడుకుని వినేవాడు, మా మధ్యన. నెల తిరిగాక లేచి చాట తీసుకున్నాడు. ఇంక బయటికి పోలేదు." ఆమె కళ్లు తుడుచుకుంది, పొగకు. "ఇవాళ ఏం బుద్ధి పుట్టిందో."

"నా కోసం పెద్దమ్మా. నాకు వినిపించాలని చెబుతున్నారు. ఆయన మనసులో అవి లేవు."

తిరపతమ్మ అతని వంక చూసింది. విసుగు కూడా లేని చూపు.

"ఎవరి మనసులో ఉంటే ఏంటి అబ్బాయ్? ఎవరికి వినిపించాలని అంటే ఏంటి? చెవులు మావే కదా."

సావిట్లో గురువు బోధ ముగించారు. "అడిగేవాళ్లుంటే అడగండి," అన్నారు. ఇద్దరు ముగ్గురు మగవాళ్లు ఏవో అడిగారు. చెప్పారు. మళ్లీ, "ఇంకెవరైనా?" అన్నారు, ఈసారి తడిక వంక తిరిగి.

వసారాలో సంగటి తెడ్డు ఆగింది. తిరపతమ్మ గొంతు తగ్గించి, "అడగవే శేషరత్నం. ఆ రోజు అడిగావుగా," అంది.

"వద్దులే పిన్నీ," అంది సంగటి దగ్గరున్న ఆమె. "మళ్లీ అదే జవాబు వస్తుంది."

ఆ గొంతు కనకలింగం గుర్తుపట్టాడు. నలభై అయిదేళ్లుంటాయి ఆమెకు. రాట్నం తిప్పీ తిప్పీ కుడి భుజం కొంచెం కిందికి దిగిపోయింది. తెడ్డు మళ్లీ కదిలింది.

గురువు చాలాసేపు తడిక వంక చూస్తూ కూర్చున్నారు. జనం దగ్గారు, కదిలారు. ఆయన రెండు చేతులూ మోకాళ్ల మీద ఆనించి లేచి, వసారాలోకి వచ్చి, గోడకు చేరగిలబడ్డారు. ముఖం పాలిపోయింది. తిరపతమ్మ చెంబుతో మంచినీళ్లు తెచ్చి పక్కన పెట్టింది. ఆయన ముఖం చూడలేదు.

"తప్పు చేశాను తిరపతమ్మా," అన్నారాయన.

"చేశారు," అందామె. "నీళ్లు తాగండి."

కనకలింగం వచ్చి ఎదురుగా కూర్చున్నాడు. "మీరెందుకయ్యా ఆ మాటలు నోటితో అనడం? తొమ్మిదేళ్లుగా మానుకున్నవారు. నన్ను పిలిచి నాలుగు చీవాట్లు పెడితే సరిపోయేదిగా?"

"చీవాట్లకు నువ్వు తల ఊపుతావు," అన్నారు గురువు కళ్లు మూసుకుని. "నాకు ఓపిక లేదు."

సావిట్లో విస్తళ్లు వేస్తున్నారు. కనకలింగం లేచి సంగటి గుండిగ దగ్గరికి వెళ్లాడు. నాటకాల్లో ఎన్ని వేషాలు కట్టినా ఈ ఘట్టానికి మాటలు ఎవరూ నేర్పలేదని నాతో అన్నాడు.

"అమ్మా, ఆ రోజు మీరు నన్ను ఒకటి అడిగారు."

శేషరత్నం చేతులు తుడుచుకుంది. "ఇప్పుడెందుకులెండి అయ్యగారూ అది. అందరం కోపంతో మానేశామని అనుకున్నారట కదా. కోపమేం లేదు. ఆరు రోజులు రాట్నం ముందు కూర్చుంటాం. ఏడో రోజు ఇక్కడికొచ్చి పొయ్యి ముందు కూర్చుంటాం. మంచి మాట చెవిన పడుతుందని వచ్చేవాళ్లం. ఈ మాటలు ఇళ్లల్లో ఎలాగూ ఉన్నాయి, వాటి కోసం ఇక్కడిదాకా రావడం దేనికని ఇంట్లోనే పడుకున్నాం."

"ఏం అడిగారో నాకు గుర్తులేదమ్మా. నేనన్నదే గుర్తుంది."

ఆ రోజు మొత్తం మీద కష్టమైన పని అది ఒప్పుకోవడమేనని కనకలింగం నాతో అన్నాడు. ఆమె అతని ముఖంలోకి మొదటిసారి సూటిగా చూసింది. ఆటపట్టిస్తున్నాడేమోనని చూసినట్టుంది.

"రాట్నం దింపి పడుకుంటే నాకు ఒళ్లు తెలియదు," అంది చివరికి. "కలలు కూడా రావు. మా ఆయన పోయినప్పుడూ అంతే, ఆ రాత్రీ నిద్రపోయాను. పొద్దున లేచాక భయమేసింది. ఆ నిద్రలో ఇల్లు గుర్తులేదు, ఆయన పోయిన సంగతి గుర్తులేదు, నేనున్నానని కూడా నాకు తెలియదు. మరి ఆ నిద్రలో నేనెక్కడ ఉన్నాను అని అడిగాను."

పొయ్యిలో పుల్ల చిటపటమంది. ఏడాది పాటు కనకలింగం అయిదారు వందల మందికి బోధ చెప్పాడు. ఒక్క మగవాడు కూడా అతన్ని అలాంటి ప్రశ్న అడగలేదు. అడిగినవన్నీ ఉపవాసం ఏ రోజు ఉండాలి, ఉల్లి తినొచ్చా అనేవే.

అతను జవాబు కోసం వెతికాడు. నేర్చుకున్న పద్యాలు, తత్వాలు అన్నీ తిరగేశాడు. ఒక్కటీ ఆమె నిద్ర దగ్గరికి రాలేదు.

"నాకు తెలియదమ్మా," అన్నాడు.

శేషరత్నం తెడ్డు తీసి గుండిగ అంచుకు ఆనించింది.

"ఆ మాటేదో ఆ రోజే అంటే సరిపోయేదిగా అయ్యగారూ," అంది.

భోజనాలు సగంలో ఉండగా వేములకోట బండి వచ్చింది. ఎడ్లకు కొత్త మువ్వలు కట్టారు. బండితో వచ్చిన పెద్దమనిషి చెప్పులు విప్పి, వసారా గడప దగ్గర నిలబడి, "సెలవిచ్చారా అయ్యా? కనకలింగం గారి కోసం ఊరంతా ఎదురుచూస్తోంది. ఆ నవ్వించే మాటలు మావాళ్లకి మహా ఇష్టం," అన్నాడు.

గురువు కళ్లు తెరవలేదు. "అతన్నే అడుగు."

కనకలింగం విస్తరి ముందు నుంచి లేచాడు. ఏడాదిగా ఎదురుచూసిన బండి. ఎడ్ల వంక కాసేపు చూశాడు.

"ఈ ఏడు నేను రాలేనని చెప్పండి," అన్నాడు.

"అదేంటండీ! ఒంట్లో బాగాలేదా?"

"బాగానే ఉంది. ఒకరు ఒక ప్రశ్న అడిగారు. దానికి జవాబు నాకు తెలియదు. తెలియనివాడు అక్కడికొచ్చి ఏం చెబుతాడు?"

పెద్దమనిషికి అర్థం కాలేదు. గురువు ఏమైనా అంటారేమోనని ఎదురుచూశాడు. ఆయన గోడకు తల ఆనించి అలాగే ఉన్నారు. చేసేది లేక అతను చెప్పులు వేసుకుని బండి దగ్గరికి వెళ్లాడు. బండివాడు ఎడ్లను వెనక్కి మళ్లిస్తున్నాడు.

అప్పుడు గురువు కళ్లు తెరిచారు.

"లింగం."

"అయ్యా."

"గుండిగ దగ్గరికి వెళ్లి శేషరత్నాన్ని అడుగు, తనూ వేములకోట వస్తుందేమో. అక్కడి సావిట్లో, తడిక చాటున కాకుండా అందరి మధ్యా కూర్చుని ఆ ప్రశ్న అడుగుతుందేమో." ఆయన చెంబులో మిగిలిన నీళ్లు తాగి, మళ్లీ కళ్లు మూసుకున్నారు. "వస్తానంటేనే బండి ఆపు."